పెట్టె వెనుక తొమ్మిది వాక్యాలు

ఆ కర్మాగారంలో ఆమెను అందరూ కొలతలమ్మ అనేవారు. అసలు పేరుతో పిలిస్తే వెనక్కి తిరిగి కూడా చూసేది కాదు. వంట మిశ్రమాలను పెట్టెల్లో నింపి దుకాణాలకు పంపే కర్మాగారం అది. కింది అంతస్తులో బియ్యం, మసాలా పొట్లాలు, ఎండబెట్టిన ఉల్లి ముక్కలు బెల్టు మీద సాగుతూ వచ్చి పెట్టెల్లో పడేవి. పై అంతస్తులో, రెండు పొయ్యిలూ ఒక తక్కెడా ఉన్న చిన్న గదిలో కొలతలమ్మ పనిచేసేది. పెట్టె వెనుక "తయారు చేసే విధానం" అన్నచోట ఏం రాయాలో తేల్చడం ఆమె ఉద్యోగం. వండేది, తూచేది, గడియారం చూసుకుని రాసేది, మళ్లీ మొదటి నుంచి వండేది. వరసగా ఏడుసార్లు ఒకేలా వస్తేనే వాక్యం అచ్చుకు వెళ్లేది.

పదకొండేళ్లలో నలభై మూడు రకాల పెట్టెలకు రాసింది. అన్నిటికన్నా ఎక్కువగా అమ్ముడుపోయేది మాంసం అన్నం పెట్టె. సగం ఉడికించి ఆరబెట్టిన బియ్యం, ఒక మసాలా పొట్లం, ఒక ఉల్లి ముక్కల పొట్లం అందులో ఉంటాయి. కొన్నవాళ్లు అరకిలో కైమా, కాస్త నూనె, నీళ్లు సమకూర్చుకుంటే చాలు, ముప్పావు గంటలో నలుగురికి కడుపునిండా భోజనం. వెనుక తొమ్మిది వాక్యాలు. తొమ్మిదోది లావు అక్షరాల్లో ఉండేది: "ఇరవై నిమిషాల వరకు ఎట్టి పరిస్థితుల్లోనూ మూత తీయవద్దు."

ఆ పెట్టె గురించి ఒకరోజు ఉత్తరం వచ్చింది. నీలం సిరాతో, స్కేలు పెట్టి గీసినట్టు నిటారైన అక్షరాలు.

"మాంసం బాగుంది. మసాలా బాగుంది. అన్నం పలుకుగా ఉంది. గమనించగలరు."

కొలతలు పొల్లుపోకుండా పాటించండి అని కొలతలమ్మ జవాబు రాసింది. పది రోజులకు రెండో ఉత్తరం. "పాటించాము. మా బావమరిది చదివాడు, నేను చేశాను. మళ్లీ పలుకే." మీరు వాడే కప్పు సరైనదేనా చూసుకోండి అని ఆమె మళ్లీ రాసింది. మూడో ఉత్తరంలో కాగితానికి అతికించిన ఒక మెతుకు వచ్చింది. దాన్ని గోటితో చీల్చి చూసింది. ఎండిపోయినా, చుట్టూ గాజులా, నడిమధ్యన ఉడకని సుద్దముక్కలా తెల్లగా ఉంది. పలుకే, సందేహం లేదు.

నాలుగో ఉత్తరం కాస్త పొడుగ్గా ఉంది. "మేడమ్ గారికి. మీరు మమ్మల్ని అనుమానిస్తున్నారు, మేము మిమ్మల్ని అనుమానిస్తున్నాము. గురువారం సాయంత్రం అయిదింటికి మా ఇంటికి రండి. మీరు ఏమీ చేయనక్కర లేదు, కూర్చుని చూస్తే చాలు. తరువాత అందరం కలిసి భోంచేద్దాం, ఎలా వస్తే అలా."

ఆ ఉత్తరం చూసి మేనేజరు నవ్వాడు. "రెండు పెట్టెలు ఊరికే పంపించేయండి. చల్లబడతాడు."

"పెట్టెలు కావాలని అడగలేదు కదా సార్ ఆయన. అన్నం ఉడకలేదంటున్నాడు. నేను వెళ్తాను."

"ఒక్క మనిషి కోసమా?"

"నా వాక్యాల్లో తప్పు లేదు సార్. ఆ సంగతి ఆయన పొయ్యి మీదే తేలుస్తా."

ఆ మాట అనేటప్పుడు ఆమెకు రవ్వంత బెరుకు కూడా లేదు.

గురువారం సంచిలో తన కొలత కప్పులు, గంట కొట్టే చిన్న గడియారం, ఒక కొత్త పెట్టె, మంచు ముక్కల మధ్య అరకిలో కైమా సర్దుకుని బయలుదేరింది. వాళ్లు పాడు చేసినది వాళ్ల కళ్లముందే తాను సరిగ్గా వండి చూపించాలని ఆమె ఆలోచన.

ఇల్లు రెండో అంతస్తులో. ముందు గదిలో కిటికీ పక్కన కుట్టుమిషన్, దాని చుట్టూ సగం కుట్టిన చొక్కాలు. మిషన్ దగ్గర కళ్లద్దాల సన్నటి మనిషి లేచి నిలబడ్డాడు. ఆయన టైలరు, ఉత్తరాల్లోని బావమరిది. ఉత్తరాలు రాసినాయన వంటింట్లోంచి చేతులు తుడుచుకుంటూ వచ్చాడు. ముప్పై రెండేళ్లు బస్సు నడిపి రిటైరయిన మనిషి. భుజాలు ఇంకా స్టీరింగు పట్టుకున్నట్టే ముందుకు వంగి ఉన్నాయి.

"వచ్చారా! రారని పందెం కాశాడు మా వాడు," అన్నాడు డ్రైవరు.

"నేనెక్కడ కాశాను బావా? కంపెనీవాళ్లు ఎవరూ రారన్నాను. అది పందెం ఎలా అవుతుంది?" అన్నాడు టైలరు.

పడక కుర్చీలో కూర్చున్న డ్రైవరు భార్య నవ్వింది. ఆమె కుడి చెయ్యి విరిగి, కట్టుతో మెడకు వేలాడుతోంది. "రా అమ్మా, కూర్చో. వీళ్లిద్దరి గోలా రోజూ ఉండేదే. ఈ చెయ్యి విరిగాక నన్ను వంటింటి గడప తొక్కనివ్వడం లేదు ఈయన. ముప్పై రెండేళ్లు ఊరందరినీ మోశాడు గానీ, నా ఇంట్లో ఒక్కనాడు గరిటె పట్టుకుని ఎరగడు. ఇప్పుడు నేర్చుకుంటానని పట్టుపట్టి కూర్చున్నాడు."

"పక్కింటివాళ్లు పంపిస్తామన్నారు, వద్దన్నాను," అన్నాడు డ్రైవరు. "ఎన్నాళ్లు పంపిస్తారు? నాకు చేతులు లేవా?"

వంటిల్లు ఇరుకే అయినా అద్దంలా ఉంది. గట్టు మీద వస్తువులన్నీ వరసలో పేర్చి ఉన్నాయి: పెట్టె, కైమా గిన్నె, నూనె, కొలత కప్పు. కొలతలమ్మ మొదట కప్పు అందుకుని తన కప్పుతో నీళ్లు కొలిచి అందులో పోసింది. అంచు దాకా సరిగ్గా సరిపోయాయి. చుక్క ఎక్కువా కాదు, తక్కువా కాదు.

"మీ రెండో ఉత్తరం వచ్చిన రోజే కొన్నానండీ," అన్నాడు డ్రైవరు.

ఆమె స్టూలు మీద కూర్చుంది. టైలరు పెట్టె చేత్తో పట్టుకుని, తీర్పు చదివే జడ్జిలా గొంతు సవరించుకున్నాడు.

"ఒకటి. వెడల్పాటి గిన్నెలో రెండు చెంచాల నూనె వేడి చేయండి."

డ్రైవరు పెద్ద బాణలి పొయ్యి మీద పెట్టి నూనె పోశాడు.

"రెండు. కైమా వేసి రంగు మారేవరకు, ముద్దలు కట్టకుండా వేయించండి."

కైమా చుయ్యిమంది. డ్రైవరు గరిటెతో ముద్దలు విడగొడుతూ, ఎర్రదనం పోయి గోధుమరంగు తిరిగేదాకా కదలకుండా నిలబడ్డాడు. తొందర లేదు, తడబాటు లేదు. కొలతలమ్మకు ముచ్చటేసింది. కొత్తవాళ్లెవరూ ఇంత ఓపిక పట్టరు. ఉల్లి ముక్కలు, మసాలా పడ్డాయి. ఇల్లంతా ఘుమఘుమలాడింది. మూడున్నర కప్పుల నీళ్లు కొలిచి ఎసరు పోశాడు. నీళ్లు తెర్లాక బియ్యం వేసి ఒక్కసారి కలిపి, సెగ తగ్గించి, పెద్ద పళ్లెం మూత పెట్టాడు.

"తొమ్మిది. ఇరవై నిమిషాల వరకు, ఎట్టి, పరిస్థితుల్లోనూ, మూత తీయవద్దు," అని టైలరు మాట మాటకూ ఆగుతూ చదివాడు.

"తీయను," అన్నాడు డ్రైవరు, ఎవరో తియ్యమని బలవంతపెడుతున్నట్టు.

కొలతలమ్మ లోలోపల లెక్క చూసుకుంది. కప్పు సరే. మాంసం సరే. నీళ్లు సరే. ఇక అన్నం ఉడకకపోవడానికి దారే లేదు. ఇవాళ బాగా వస్తుంది, ముందెప్పుడో ఏదో మరిచిపోయి ఉంటారు, ఆ సంగతి నొప్పించకుండా ఎలా చెప్పాలా అని మాటలు కూడా వెతుక్కుంది. ఈలోగా టైలరు కళ్లద్దాలు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు. కాసేపటికి మళ్లీ తుడుచుకున్నాడు. మూడోసారి తుడుచుకుంటూ, "ఈ వంటింట్లో నిలబడితే లోకమంతా మంచు కమ్మినట్టే ఉంటుంది," అని విసుక్కున్నాడు.

ఇరవై నిమిషాలయ్యాయి. డ్రైవరు మూత తీశాడు. ఆవిరి పెద్దగా రాలేదు. పైన అన్నం విడివిడిగా, చూడ్డానికి ముచ్చటగానే ఉంది. గరిటె పెట్టి తీస్తే అడుగు మాడి గీరుకుంది. చిన్న పళ్లెంలో కాస్త వేసి ఆమెకు అందించాడు. కొలతలమ్మ నోట్లో పెట్టుకుంది. పంటికింద కటుక్కుమంది.

పలుకు.

డ్రైవరు ముఖంలో గెలిచానన్న గర్వం లేదు. టైలరు పెట్టె కింద పెట్టేసి కిటికీలోంచి బయటికి చూశాడు. పదకొండేళ్లుగా తన వాక్యాన్ని పాటించనివాళ్ల అన్నమే పాడవుతుందని కొలతలమ్మ నమ్మకం. ఈ మనిషి అక్షరం తప్పకుండా పాటించాడు. తన కళ్లముందే, తను రాసినట్టే చేశాడు.

ఆమె తల దించుకుని కూర్చునే రకం కాదు. స్టూలు మీంచి లేచి వంటింటిని కొత్తగా చూడడం మొదలుపెట్టింది. పొయ్యి వెనుక గోడ పలకల మీద నీళ్లు చారలు చారలుగా కారుతున్నాయి. కిటికీ అద్దం మీద పొగమంచు పట్టినట్టుంది. టైలరు కళ్లద్దాలు ఇంకా మసకగానే ఉన్నాయి. గోడను వేలితో తాకింది. వేలు తడిసింది.

"నీళ్లు ఇక్కడున్నాయి," అంది.

"ఏమిటి మేడమ్?"

"బియ్యంలోకి ఇంకాల్సిన నీళ్లు మీ గోడ మీదున్నాయి. వెడల్పాటి గిన్నె అని రాశాను. నా గదిలో ఉన్న గిన్నె ఇంతే." రెండు చేతులూ జానెడు దూరంలో పెట్టి చూపించింది. "దానికి బిగుతైన మూత ఉంది. పదకొండేళ్లుగా అదొక్కటే వాడుతున్నాను. మీ బాణలి దానికి రెట్టింపు వెడల్పు, మూతేమో పళ్లెం. ఆవిరంతా పక్కల నుంచి పోతోంది. తప్పు మీది కాదండీ. నా వాక్యానిది."

ముందు గదిలోంచి డ్రైవరు భార్య గొంతు వినిపించింది.

"ఆ సంగతి నేను నెలరోజుల నుంచీ మొత్తుకుంటున్నాను తల్లీ! ఇంకో నాలుగు గుక్కల నీళ్లు పోయండీ అంటే, 'పెట్టె మీద లేదు' అంటాడు. ఒకసారి తీసి చూడండీ అంటే, 'తీయొద్దని రాసుంది' అంటాడు. ఇక నా బాధ ఎవరికి చెప్పుకోను?"

కొలతలమ్మ ఆశ్చర్యంగా డ్రైవరు వైపు తిరిగింది. "తెలిసి కూడా ఎందుకు పోయలేదండీ?"

డ్రైవరు గరిటె పక్కన పెట్టాడు. "చూడండి మేడమ్. మలుపు ఎడమకి ఉందనుకోండి, బోర్డు మీద కుడి అని రాశారనుకోండి. రోజూ తిరిగే నాలాంటివాడు బోర్డు చూడకుండానే తిప్పుకుంటాడు. ఆ దారిలో మొదటిసారి వచ్చినవాడు గుంతలో పడతాడు. మా ఆవిడ చెప్తే నా అన్నం ఉడుకుతుంది, నిజమే. చెప్పే మనిషి లేని ఇళ్లు ఎన్ని లేవు? పెట్టె కొనేదే వాళ్లు. అందుకే బోర్డు మార్పించాలని ఉత్తరాలు రాశాను. అన్నం కోసం కాదు."

ఇన్నేళ్లూ కొలతలమ్మ, వంట తెలియనివాళ్ల కోసమే రాస్తున్నానని అందరికీ చెప్పుకుంది. అలాంటి మనిషి ఎదురుగా నిలబడి వండుతుంటే చూడడం ఇదే మొదటిసారి.

"సరే," అంది చీరకొంగు నడుముకు దోపుతూ. "నా దగ్గర ఇంకో పెట్టె ఉంది, మాంసమూ ఉంది. లోతు గిన్నె తీస్తారా?"

"పైన ఉంది. కానీ తీయను," అన్నాడు డ్రైవరు. "గిన్నె మారిస్తే మన గొడవ తీరుతుంది గానీ బోర్డు అలాగే ఉండిపోతుంది. ఈ బాణలిలోనే రావాలి."

టైలరుకు హుషారు వచ్చింది. "నేను చెప్తా. మందపాటి గుడ్డ తడిపి అంచు చుట్టూ పెడదాం. పైన నా ఇస్త్రీ పెట్టె బరువు పెడితే ఆవిరి ఇంచు కదలదు!"

"భేషుగ్గా ఉందిరా," అన్నాడు డ్రైవరు. "పెట్టెతో పాటు ఇంటింటికీ ఒక బావమరిదిని కూడా పంపిస్తారా కంపెనీవాళ్లు?"

అందరికన్నా గట్టిగా నవ్వింది డ్రైవరు భార్యే. నవ్వుతూనే లేచి వచ్చి వంటింటి గుమ్మానికి ఆనుకుని నిలబడింది. ఈసారి డ్రైవరు అడ్డు చెప్పలేదు.

ముందుగా, ఆవిడ చెప్పినట్టే బాణలిలోని పలుకన్నం మీద కప్పు వేడినీళ్లు చిలకరించి, పక్క పొయ్యి మీద సన్నని సెగన మగ్గపెట్టారు. అడుగు మాడినది వదిలేస్తే మిగతాది తినేలా తయారైంది. టైలరు దాన్ని గిన్నెకెత్తి కింది వాటాలోవాళ్లకు ఇచ్చి వచ్చాడు.

తోమిన బాణలి మళ్లీ పొయ్యెక్కింది. డ్రైవరు మళ్లీ ఒకటో వాక్యం నుంచి మొదలుపెట్టాడు. ఈసారి కొలతలమ్మ స్టూలు మీద కూర్చోలేదు. నోటుపుస్తకం పట్టుకుని పక్కనే నిలబడింది. నీళ్లు అరకప్పు ఎక్కువ పోయించింది. మూత పెట్టాక పళ్లెం చుట్టూ చెయ్యి తిప్పుతూ, ఆవిరి ఎక్కడెక్కడ తగులుతోందో చూసింది.

"ఎంతసేపటికి తీసి చూడాలమ్మా?" అని డ్రైవరు భార్యను అడిగింది.

"పదిహేను నిమిషాలకి తీసి, మధ్యలోంచి కాదు, అంచు నుంచి ఒక మెతుకు తియ్యి. పలుకు అంచునే దాక్కుంటుంది. కొరుకు. మధ్యలో గట్టిగా తగిలితే పావు కప్పు వేడినీళ్లు చల్లు. తగలకపోతే మూసెయ్. అంతే, ఇందులో బ్రహ్మవిద్య ఏముంది?"

"మూత తీస్తే ఆవిరి పోతుందని మాకు భయం."

"ఒక్కసారి తీస్తే కొంపలేం మునగవు. అస్తమానం తీస్తే అది వేరే సంగతి."

పదిహేను నిమిషాలకు చిన్న గడియారం గంట కొట్టింది. తన లావు అక్షరాల వాక్యాన్ని తానే మీరుతున్నానని తెలిసి, కొలతలమ్మ మూత మీద చెయ్యి వేసింది. తర్వాత చెయ్యి వెనక్కి తీసుకుని పక్కకు జరిగింది.

"మీరే తీయండి," అంది డ్రైవరుతో.

ఆయన తీశాడు. అంచు నుంచి ఒక మెతుకు తీసుకుని, ముందుపళ్లతో కొరికి, కళ్లు మూసుకుని ఆలోచించాడు. "ఇంకా ఉంది. కొంచెం," అన్నాడు. పావు కప్పు వేడినీళ్లు అంచు వెంబడి చల్లి మూసేశాడు. ఎంత చల్లాలో ఈసారి ఎవరినీ అడగలేదు.

ఆరు నిమిషాల తర్వాత తీస్తే అన్నం మల్లెమొగ్గల్లా విచ్చుకుని ఉంది. నూనె పైకి తేలి, కైమా అన్నంలో కలిసిపోయి, గరిటె అడుగుదాకా మెత్తగా దిగింది. అప్పుడు గంట ఏడు కావస్తోంది, కిటికీలో ఇంకా వెలుతురుంది. నలుగురూ ముందు గదిలో, కుట్టాల్సిన చొక్కాలు పక్కకు జరిపి, కత్తిరింపు బల్ల చుట్టూ కూర్చున్నారు. భార్య ఎడమ చేత్తో తినడానికి అవస్థ పడుతుంటే డ్రైవరు చెంచా తెచ్చి ఇచ్చాడు. ఆమె రెండు చెంచాలు తిని ఆగింది.

"ఏమోయ్, ఎలా ఉంది?" అన్నాడు డ్రైవరు. అడిగిన గొంతులో లైసెన్సు పరీక్షకు వచ్చిన కుర్రాడున్నాడు.

"ఉప్పు ఒక రవ్వ తక్కువ," అందామె. ఆయన ముఖం చిన్నబోయేలోగా, "ఇంకొంచెం వెయ్యండి," అని పళ్లెం ముందుకు జరిపింది.

టైలరు మూడోసారి వడ్డించుకున్నాడు. కొలతలమ్మ కూడా కడుపునిండా తింది. తన చేతుల మీదుగా వందలసార్లు వండిన అన్నమే అది. ఎప్పుడూ ఒక చెంచా రుచి చూసి అంకెలు రాసుకుందే తప్ప, పళ్లెం నిండా వడ్డించుకుని ఎవరి పక్కనో కూర్చుని తినలేదు.

మర్నాడు ఉదయం కర్మాగారంలో ఆమె చేసిన మొదటి పని, నోటీసు బోర్డు మీద ఒక కాగితం అంటించడం. "మీ ఇంట్లో రోజూ వాడే గిన్నె, దాని మూతతో సహా, ఒకరోజుకి అరువివ్వండి. తోమి తిరిగి ఇస్తాను." గేటు దగ్గర కాపలా ఉండే ఆయన సొట్టలు పడ్డ తపేలా తెచ్చాడు. పెట్టెలు నింపే ఆడవాళ్లు బాణలులు, కుండలు, పిడి ఊడిన గిన్నెలు తెచ్చారు. ఒకావిడ మూతకు చిల్లు ఉంది, ఆ చిల్లులో గుడ్డపీలిక కుక్కి ఉంది. ఇరవై ఆరు గిన్నెల్లో, పాత వాక్యాల ప్రకారమే, ఇరవై ఆరుసార్లు వండింది. పదకొండింట్లో పలుకు తగిలింది.

మూడు వారాల తర్వాత కొత్త వాక్యాలు మేనేజరు బల్ల మీద పెట్టింది. "వెడల్పాటి" అన్న మాట పోయింది. తొమ్మిదో వాక్యం మారి, దాని కింద ఇంకో రెండు చేరాయి: పదిహేను నిమిషాలయ్యాక ఒక్కసారి మూత తీయండి. అంచు నుంచి ఒక మెతుకు కొరికి చూడండి, గట్టిగా ఉంటే పావు కప్పు వేడినీళ్లు చల్లండి.

"పదకొండు వాక్యాలకి చోటెక్కడుంది?" అన్నాడు మేనేజరు.

"ఈ నక్షత్రం తీసేయండి," అని ఆమె పెట్టె వెనుక సగం ఆక్రమించుకున్న ఎర్రటి నక్షత్రం మీద వేలు పెట్టింది. దానిలో "ఇంటిల్లిపాదికీ ఆనందాల విందు!" అని ఉంది.

"ప్రకటనలవాళ్లు నన్ను నమిలేస్తారు!"

"నమలనివ్వండి సార్. కొత్త పెట్టెలో పలుకైతే తగలదు కదా."

మేనేజరు నవ్వాపుకోలేకపోయాడు. నక్షత్రం పోయింది.

కొత్త పెట్టెలు దుకాణాలకు వెళ్లాక అన్నం ఉడకలేదన్న ఉత్తరాలు దాదాపు ఆగిపోయాయి. డ్రైవరు భార్య చేతి కట్టు విప్పారని, అయినా గురువారం వంటిల్లు మాత్రం తనదేనని ఆయన ఖరాఖండిగా చెప్పేశాడని, ఆ రోజు ఆమె కాళ్లు చాపుకుని కూర్చుంటోందని టైలరు ఫోనులో చెప్పాడు.

కొలతలమ్మ ధీమా ఏమీ తగ్గలేదు. తగ్గకపోగా ఇంకో నియమం పెట్టింది: ఇకమీదట ఏ పెట్టె అయినా అచ్చుకు వెళ్లేముందు, జన్మలో వంట చేయని మనిషి ఒకసారి వండాలి. అలాంటివాళ్లు ఈ కర్మాగారంలో ఎవరున్నారని వాకబు చేసింది. అందరూ ఒకే తలుపు వైపు చూశారు.

అలా ఒక మధ్యాహ్నం, నలభై నాలుగో పెట్టె ముందు పెట్టుకుని, చొక్కా చేతులు మోచేతుల దాకా మడిచి, మేనేజరు పై అంతస్తులో పొయ్యి దగ్గర నిలబడ్డాడు. గేటు కాపలాదారు తపేలా పొయ్యి మీద ఉంది. నూనె కాగుతోంది.

"ఉల్లిపాయలు దోరగా వేయించండి అని రాశారు. దోరగా అంటే ఏ రంగు?" అన్నాడు చెమట తుడుచుకుంటూ.

కొలతలమ్మ నోటుపుస్తకం తెరిచి, 'దోరగా' అన్న మాట కొట్టేసింది.

"అడగండి సార్, ఇంకా అడగండి," అంది.